రసీదు మీద లేని మాట

మా నాయన ట్రంకుపెట్టె అడుగున ఒక ప్లాస్టిక్ కవరు ఉంది. అందులో పదకొండు రసీదులు, జిల్లా కేంద్రంలో సోమవారం అర్జీలు తీసుకునే చోట ఇచ్చినవి. ఏడాది వరసన పేర్చి, రబ్బరు బ్యాండు వేసి దాచుకున్నాడు. మొదటిది 2009 జూన్‌ది, చివరిది 2016 ఆగస్టుది. పాత వాటి మీద ప్రజావాణి అని ఉంటుంది, ఆ తర్వాతి వాటి మీద మీ కోసం అని. ఆయన పోయాక నేను ఇచ్చిన రెండిట్లో ఒకదాని మీద స్పందన, ఇంకోదాని మీద ప్రజా సమస్యల పరిష్కార వేదిక. పేర్లు నాలుగు మారాయి గానీ అర్జీలో సంగతి ఒకటే: మా తోట పక్క గుట్టకు ఇచ్చిన గ్రానైట్ లీజు హద్దు కొలిచి చూడండి, వంకలో పోసిన రాళ్లు తీయించండి.

నాయన దాచిన పదకొండు రసీదులూ హైకోర్టులో అక్కరకు రాలేదు. ఎందుకు రాలేదో అర్థం కావడానికి నాకు చాలాకాలం పట్టింది. సోమవారం పొద్దున్నే పల్లెల నుంచి బస్సెక్కి జిల్లా కేంద్రానికి పోయి వరసలో నిలబడే వాళ్లకు ఈ విషయం ఎవరూ చెప్పడం లేదు. అందుకే రాస్తున్నాను.

మాది చిత్తూరు జిల్లా పడమటి మండలాల్లో ఒక చిన్న పల్లె. నాయనకు డీకేటీ పట్టా (భూమి లేనివాళ్లకు ప్రభుత్వం ఇచ్చే పట్టా) కింద వచ్చిన రెండెకరాల నలభై సెంట్ల చేను గుట్ట మొదట్లో ఉంది. రాళ్లేరి, గుంతలు తీసి, బిందెలతో నీళ్లు మోసి అందులో తోతాపురి మామిడి మొక్కలు పెట్టింది మా అవ్వ. గుట్ట మీద కురిసిన నీళ్లు సన్నటి వంకగా దిగి, మా తోట అంచున పారి ఊరి కుంటలో పడతాయి. వంక పెద్దదేమీ కాదు. ఎండాకాలంలో పిల్లలు దాంట్లో గోలీలాడతారు. కానీ కుంట నిండాలంటే అదొక్కటే దారి.

2008లో ఆ గుట్ట పోరంబోకును గ్రానైట్‌కు లీజు ఇచ్చారు, ఇరవై ఏళ్లకు. గ్రానైట్ పని చూసినవాళ్లకు తెలుసు, తీసిన రాయంతా అమ్ముడుపోయే దిమ్మెగా రాదు. చీలిక వచ్చినా, రంగు తేడా పడినా, మూల విరిగినా అది వేస్టు. ఆ వేస్టును ఎక్కడో ఒకచోట పోయాలి. లీజు ఇచ్చిన చోట జాగా చాలలేదో, లారీకి దగ్గరగా ఉందనో, మొదటి ఏడాదే వంకలో పోయడం మొదలుపెట్టారు. మా తోట గట్టు మీదికి కూడా దొర్లాయి. జనవరిలో మామిడి పూతకొచ్చే వేళ దుమ్ము పూత మీద కూర్చుంటే పిందె నిలవదు. తోట ఉన్నవాళ్లకు ఇంకేమీ చెప్పక్కర్లేదు.

నాయన చదివింది ఐదో తరగతి. అర్జీలు మాత్రం తనే రాసేవాడు, రూళ్ల కాగితం మీద, పైన సర్వే నంబరు వేసి. ఒక్కో అర్జీకి ఒక సోమవారం పోయేది, అంటే ఆ రోజు కూలి, రానూపోనూ బస్సు చార్జీ. "పెద్దాయనా, మళ్లా వచ్చినావా? నీది గనుల వాళ్లకు పంపినాం గదా" అనేవాళ్లు. గనుల వాళ్లను అడిగితే రెవెన్యూ వాళ్లు హద్దు చూపిస్తే మేం చూస్తాం అన్నారు. రెవెన్యూ వాళ్లను అడిగితే సర్వేయరు లేడన్నారు. కొన్నేళ్ల తర్వాత కంప్యూటర్‌లో చూపించారు: ఆ అర్జీ పరిష్కారమైనట్టు ఉంది. మా వంకలో రాళ్లు అట్లాగే ఉన్నాయి.

2012లో పది రూపాయలు కట్టి సమాచార హక్కు చట్టం కింద అడిగితే లీజు ఉత్తర్వు ప్రతి వచ్చింది. నాయన దాన్ని కళ్లకు దగ్గరగా పెట్టుకుని రెండు రోజులు చదివాడు. అడుగున ప్రతులు ఎవరెవరికి పంపారో వరసగా ఉంది: లీజుదారు, పై ఆఫీసులు, తహసీల్దారు. అందులో మా పంచాయతీ లేదు. పక్క పట్టాదార్లు లేరు. అంటే లీజు ఇచ్చిన నాలుగేళ్లకు, మేం అడిగితే గానీ, ఆ కాగితం మా ఊరు చూడలేదు. ఈ సంగతి గుర్తుంచుకోండి, మళ్లీ దీని దగ్గరికే వస్తాను.

2017లో నాయన హైకోర్టులో రిట్ పిటిషన్ వేశాడు. అప్పుడు హైకోర్టు ఇంకా హైదరాబాదులోనే. నాలుగో వారానికే ఉత్తర్వు వచ్చింది: పిటిషనర్ అర్జీని పరిశీలించి ఎనిమిది వారాల్లో తగిన నిర్ణయం తీసుకోండి అని. కేసు గెలిచినామని నాయన ఊరంతా చెప్పాడు. నేనూ అట్లాగే అనుకున్నాను. ఎనిమిది వారాలు కాస్తా ఏడు నెలలైంది. చివరికి ఒక ఎండార్స్‌మెంట్, అంటే అర్జీ మీద ఆఫీసు రాసిచ్చే జవాబు, వచ్చింది: లీజు నిబంధనల ప్రకారమే ఇచ్చాం, మంజూరు సమయంలో మీ నుంచి అభ్యంతరం రాలేదు, కాబట్టి అర్జీ ముగించాం. అభ్యంతరం చెప్పడానికి లీజు సంగతి మాకు ఎప్పుడు తెలిపారన్నది అందులో లేదు.

నాయన 2019లో పోయాడు. ఆ ఏడాది జనవరి 1 నుంచి హైకోర్టు అమరావతికి మారింది. ఎండార్స్‌మెంట్‌ను, దాంతోపాటు అసలు లీజును సవాలు చేస్తూ 2021లో నేను రెండో రిట్ వేశాను. ప్రభుత్వం తరఫున జీపీ (ప్రభుత్వ ప్లీడరు) గారు లేచి మొదట చెప్పిన మాట రాళ్ల గురించీ కాదు, హద్దు గురించీ కాదు. "లీజు 2008ది, పిటిషన్ 2021ది" అన్నారు. నేను కోర్టు హాలు వెనక బెంచీ మీద ఒళ్లో ఆ కవరు పెట్టుకుని ఉన్నాను. పదమూడేళ్లు ఏం చేశారని బెంచి మీద నుంచి ప్రశ్న వచ్చింది. మా లాయరు రసీదుల గురించి చెప్పారు. మళ్లీ మళ్లీ అర్జీలు ఇచ్చినంత మాత్రాన గడువు పెరగదని జవాబు.

ఆ రోజు నాకు కోపం వచ్చింది. తర్వాత తీర్పులు తెప్పించుకుని చదివాను. చదివాక కోపం పోలేదు గానీ, అది ఎవరి మీద పడాలో తెలిసింది.

చట్టం ఏమంటుందో నాకు అర్థమైనంత చెబుతాను. రాజ్యాంగంలోని 226వ అధికరణం కింద రిట్ వేయడానికి ఇన్ని రోజులని గడువేమీ రాసి లేదు. కానీ అది కోర్టు విచక్షణతో ఇచ్చే ఉపశమనం కాబట్టి, ఆలస్యంగా వచ్చినవాడిని కోర్టు తిప్పి పంపవచ్చు. సివిల్ దావాకు ఎంత గడువు ఉంటుందో మామూలుగా దాన్నే కొలబద్దగా తీసుకోవచ్చని సుప్రీంకోర్టు 1964లోనే చెప్పింది. 1989లో ఏడుగురు జడ్జీల ధర్మాసనం ఒక ఉద్యోగి కేసులో ఇంకో గీత గీసింది. చట్టం చూపించిన అప్పీలు వేసి, దానికి జవాబు రాకపోతే, వేసిన ఆరు నెలలకు కోర్టుకెళ్లే హక్కు పుట్టినట్టు లెక్క. చట్టంలో లేని అర్జీలకు ఈ లెక్క వర్తించదు, అవి ఎన్ని ఇచ్చినా గడియారం ఆగదు.

2008లో వచ్చిన మరో తీర్పు తమిళనాడు భూగర్భ, గనుల శాఖలో పనిచేసిన ఒకాయనది. ఆయన ఉద్యోగం 1982లో పోయింది. పద్దెనిమిదేళ్లు ఊరుకుని 2000లో అర్జీ పెట్టాడు. పరిశీలించమని ఉత్తర్వు తెచ్చుకున్నాడు. శాఖ కాదన్నాక ఆ కాదన్న తేదీ నుంచి కొత్తగా లెక్క మొదలైందన్నాడు. సుప్రీంకోర్టు ఒప్పుకోలేదు. పరిశీలించమని చెప్పడం చూడటానికి ఏ హానీ లేని ఉత్తర్వులా ఉంటుంది గానీ, చచ్చిపోయిన హక్కుకు అది ప్రాణం పోయలేదంది. ఆ తర్వాత వచ్చిన మరో తీర్పు దీన్నే గట్టిపరిచింది: లెక్క ఎప్పుడూ అసలు వివాదం పుట్టిన రోజు నుంచే.

ఇవి చదివినప్పుడు నాయన సంబరం గుర్తొచ్చి కళ్లలో నీళ్లు తిరిగాయి. ఆ ఎనిమిది వారాల ఉత్తర్వు మా చేతిలో పెట్టిందేమీ లేదు.

ఈ సూత్రం తప్పని నేను అనను. పద్దెనిమిదేళ్లు కదలకుండా ఉన్న మనిషికి అది సరైనదే. మా నాయన మాత్రం క్వారీ మొదలైన మరుసటి ఏడాదే కదిలాడు, ఆ తర్వాత ఏటా కదులుతూనే ఉన్నాడు. ఆయన చేసిన తప్పు ఒకటే, వేరే తలుపు కొట్టాడు. 1966 నాటి ఆంధ్రప్రదేశ్ చిన్నతరహా ఖనిజాల నిబంధనల్లో (గ్రానైట్ వీటి కిందికే వస్తుంది) బాధితుడికి గనుల శాఖ డైరెక్టరు దగ్గర అప్పీలు ఉంది, ఆపైన ప్రభుత్వం దగ్గర రివిజన్ (పునఃపరిశీలన) ఉంది. దేని గడువు దానికి ఉంది. చట్టం గుర్తించే తలుపు అది. సోమవారం గ్రీవెన్స్ ఎంత మంచి ఉద్దేశంతో పెట్టినా పాలనాపరమైన ఏర్పాటే, చట్టంలోని అప్పీలు కాదు. అక్కడ అర్జీ తీసుకుంటారు, నంబరు వేస్తారు, రసీదు ఇస్తారు. ఆ రసీదు చూసుకుని మనిషి ధైర్యంగా ఇంటికొస్తాడు, తన గోడు ప్రభుత్వానికి చేరిందని. అసలు గడువు వేరేచోట కరిగిపోతూ ఉంటుంది.

పదకొండు సోమవారాల్లో ఒక్క గుమాస్తా అయినా, ఒక్క అధికారి అయినా "పెద్దాయనా, ఇది కాదు, డైరెక్టరుకు అప్పీలు వేసుకో" అని ఒక్క మాట చెప్పి ఉంటే? ఆ మాట చెప్పడం వాళ్ల పని కాదని మీరనవచ్చు. కాదనే నేనూ ఒప్పుకుంటా. అందుకే ఆ మాట రసీదు మీద అచ్చు వేయాలంటున్నాను. ఈ అర్జీ వల్ల మీ అప్పీలు గడువు పెరగదు, మీరు అడిగే విషయంపై అప్పీలు ఫలానా అధికారి దగ్గర, ఇన్ని రోజుల్లోపు. రెండు లైన్లు. ఆర్టీసీ టికెట్ మీద అంతకంటే ఎక్కువ అక్షరాలుంటాయి. గనులు, భూములు, పింఛన్లు, ఏ శాఖ అర్జీ అయినా సరే, కంప్యూటర్‌లో శాఖ ఎంచుకోగానే ఆ శాఖ అప్పీలు వివరం కింద పడేలా చేయడం కష్టమైన పనేమీ కాదు.

రెండో సంగతి, గడువు ఎప్పటి నుంచి లెక్కపెట్టాలన్నది. లీజు ఉత్తర్వు లీజుదారుకు అందుతుంది, అతని గడువు అతనికి తెలుసు. పక్క చేను రైతుకు ఆ ఉత్తర్వు ఎవరూ పంపరు. అందని కాగితం మీద ఏ తేదీ నుంచి అప్పీలు వేయాలి? పర్యావరణ అనుమతుల విషయంలో ఈ చిక్కుకు జాతీయ హరిత ట్రిబ్యునల్ 2013లోనే ఒక దారి చూపింది. అనుమతి సంగతి జనానికి తెలిసేలా చేయాల్సిన పద్ధతులన్నీ పాటించి తెలియజేసినప్పటి నుంచే అప్పీలు గడువు నడుస్తుందంది. అక్కడ గడువు మరీ తక్కువ: 2010 నాటి ట్రిబ్యునల్ చట్టం ప్రకారం అనుమతిపై అప్పీలుకు ముప్పై రోజులు, తగిన కారణం చూపితే ఇంకో అరవై. ఆ తర్వాత ట్రిబ్యునల్‌కు కూడా చేతులు కట్టేసినట్టే. మనకు దగ్గరి బెంచి చెన్నైలో ఉంది. తొంభై రోజుల్లో మా పల్లె నుంచి చెన్నై దాకా ఒక రైతు పోగలడు. కానీ ఆ తొంభై రోజులు మొదలైన సంగతి అతనికి ముందు తెలియాలి గదా! లీజు ఉత్తర్వును పంచాయతీ ఆఫీసు బోర్డుకు అంటించి, అంటించిన తేదీ పంచాయతీ కార్యదర్శి చేత రాయించి, అక్కడి నుంచి గడువు లెక్కపెట్టండి. అప్పుడు ఆలస్యమైతే తప్పు మాదే.

ఇంకొకటుంది, చట్టం చదివిన వాళ్లు కూడా పెద్దగా పట్టించుకోనిది. 1957 గనుల చట్టంలోని 30వ సెక్షన్‌ను 2015లో సవరించారు. రాష్ట్రం ఇచ్చిన ఉత్తర్వును కేంద్రం పునఃపరిశీలించే అధికారం అంతకుముందూ ఉంది. కొత్తగా చేర్చింది ఏమిటంటే, నిర్ణీత గడువులోపు రాష్ట్రం ఏ ఉత్తర్వూ ఇవ్వకపోయినా కేంద్రం జోక్యం చేసుకుని తానే ఉత్తర్వు ఇవ్వవచ్చు. ఆఫీసు మౌనంగా కూర్చున్నా బాధితుడికి ఒక దారి ఉందన్నమాట. ఎంత మంచి సవరణ! కానీ అదే సెక్షన్‌లో చిన్నతరహా ఖనిజాలు దీని కిందికి రావని ఉంది. గ్రానైట్ చిన్నతరహా ఖనిజమే. కంకర, గ్రావెల్, ఇసుక అన్నీ అంతే. చిత్తూరు జిల్లా గుట్టల్లో జనం ఇంటి పక్కన పేలే తూటాల్లో ఎక్కువ భాగం వీటి కోసమే. ఇనుప ఖనిజానికి ఉన్న ఈ రక్షణ మా ఊరి రాయికి లేదు.

ఈ జాబితాలు కూడా నిలకడగా ఉండవు. గూడూరు వైపు సంగతే చూడండి. అది మొదట్లో నెల్లూరు జిల్లా, 2022 ఏప్రిల్ 4న కొత్త జిల్లాలు వచ్చినప్పుడు తిరుపతిలో కలిసింది. అక్కడి నేల మైకాకు, సిలికా ఇసుకకు పేరుపడింది. 2015 ఫిబ్రవరిలో కేంద్రం 31 ఖనిజాలను చిన్నతరహా జాబితాలోకి మార్చినప్పుడు ఈ రెండూ అందులో చేరాయి. 2025 ఫిబ్రవరిలో మైకాను, క్వార్ట్జ్‌ను, ఫెల్‌స్పార్‌ను, బెరైటీస్‌ను మళ్లీ పెద్ద ఖనిజాల్లోకి తెచ్చారు. సిలికా ఇసుక ఆ నాలుగింట్లో లేదు. అంటే ఒకే ప్రాంతంలో, ఒకే రైతు, మైకా మీద ఫిర్యాదుకు ఒక దారి పట్టాలి, సిలికా మీద ఫిర్యాదుకు ఇంకో దారి. పదేళ్లలో జాబితాతో పాటు ఫిర్యాదు దారీ మారింది, పైగా జిల్లా కేంద్రమూ మారింది. ఇన్ని మార్పుల్లో ఫైలు ఎక్కడ ఆగిపోయిందో వెతుక్కోవాల్సిన భారం అర్జీదారు మీదే ఎందుకుండాలి?

లీజుదారు వైపు న్యాయం లేదని నేను అనడం లేదు. మా గుట్ట మీద క్వారీలో మా ఊరివాళ్లే తొమ్మిది మంది పనిచేస్తారు. కంప్రెసర్ పట్టుకుని దుమ్ము మింగేదీ వాళ్లే. అప్పు తెచ్చి మిషన్లు కొన్న మనిషి పదమూడేళ్ల తర్వాత లీజు రద్దైతే ఏమవుతాడన్నది నిజమైన ప్రశ్న. మధ్యకాలంలో మూడోవాళ్లకు పుట్టిన హక్కులను ఆలస్యంగా వచ్చినవాడు చెదరగొట్టకూడదని కోర్టులు అంటే నాకు అర్థమవుతుంది. అయితే ఆ పదమూడేళ్లూ పెరిగినవి ఎవరి వల్ల? 2009 జూన్‌లోనే ఒక సర్వేయరు గొలుసు పట్టుకుని వచ్చి ఉంటే అప్పటికి మిషన్లు ఎన్ని? వేస్టు ఎంత? ఒక్క రోజు పని. అప్పుడే తేలి ఉంటే లీజుదారుకూ నష్టం లేకపోయేది, పక్క జాగా చూసుకునేవాడు.

ప్రభుత్వమే కోర్టుకు ఆలస్యంగా వచ్చిన సందర్భాలూ ఉన్నాయి. తపాలా శాఖ 427 రోజులు ఆలస్యంగా అప్పీలు వేసి, ఫైలు ఒక టేబుల్ నుంచి ఇంకో టేబుల్‌కు కదలడంలో జాప్యమైందని చెప్పుకుంటే, 2012లో సుప్రీంకోర్టు ఒప్పుకోలేదు. గడువు చట్టం అందరికీ ఒకటే, ప్రభుత్వానికి ప్రత్యేకం కాదంది. ఆ తీర్పు చదివి నేను అనుకున్నది ఇది: ప్రభుత్వం తన ఆలస్యానికి ఫైలు కదలికను సాకు చెప్పకూడదంటే, అదే ఫైలు కదలక ఆలస్యమైన పౌరుడి మీద ఆ ఆలస్యాన్ని ఆయుధంగా కూడా వాడకూడదు. మా కేసులో జరిగింది సరిగ్గా అదే. జవాబు ఇవ్వనిది ఆఫీసు, ఆలస్యమైందని ఎత్తి చూపింది కూడా ఆ ఆఫీసు తరఫు లాయరే.

కోర్టులు ఇది గమనించవని కాదు. హిమాచల్‌లో ఒక పెద్దామె భూమిని 1967-68లో రోడ్డు కోసం తీసుకుని పైసా ఇవ్వలేదు. చదువు లేని మనిషి, 2010లో గానీ కోర్టుకు రాలేకపోయింది. 2020 జనవరిలో సుప్రీంకోర్టు ఆమెకు పరిహారం ఇప్పించింది. తప్పు రోజూ కొనసాగుతున్నప్పుడు, కోర్టు మనస్సాక్షిని కదిలించే అన్యాయం జరిగినప్పుడు ఆలస్యం అడ్డు కాదంది. అప్పటికి ఆమెకు ఎనభై ఏళ్లు. మా లాయరు ఈ తీర్పును చూపించారు. దానివల్లే మాకు దక్కిందేదో దక్కింది.

2023లో తీర్పు వచ్చింది. లీజు మంజూరు మీద మా సవాలును ఆలస్యం కారణంగా కొట్టేశారు. వంక విషయం మాత్రం తెరిచి ఉంచారు, రాళ్లు పోసిన ప్రతి రోజూ కొత్త తప్పేనని. సర్వే చేసి, నీటి దారికి అడ్డం ఉంటే తొలగించమన్నారు. సర్వేయరు వచ్చాడు, పద్నాలుగేళ్ల తర్వాత. ఎఫ్ఎంబీ (పొలాల కొలతల పటం) విప్పి, గొలుసు లాగి, మధ్యాహ్నానికి పని ముగించాడు. రాళ్లు పోసింది పోరంబోకు వంకలోనేనని, మా గట్టు మీదికి ఆరు సెంట్ల మేర వచ్చిందని రాసిచ్చాడు. నాయన అడిగిన కొలత అంతే. మా అమ్మ గట్టు మీద నిలబడి గొలుసు వైపే చూస్తూ ఉండిపోయింది, ఒక్క మాట మాట్లాడలేదు. తర్వాత హిటాచి వచ్చి సగం రాళ్లు తీసింది. మిగతా సగం ఇంకా ఉన్నాయి. కోర్టు ధిక్కరణ పిటిషన్ వేద్దామా అని లాయరును అడిగాను. దానికి ఒక ఏడాదే గడువని, అది అప్పటికే దాటిందని చెప్పారు. కొత్త అర్జీ ఇస్తే 2024లో ఇంకో రసీదు వచ్చింది.

లీజు 2028లో ముగుస్తుంది. పొడిగింపు అడిగితే అది కొత్త నిర్ణయం, కొత్త ఉత్తర్వు, కొత్త గడువు. అందుకని ఇప్పుడే అభ్యంతరం రాసి పెట్టాను. సర్వే నివేదిక, 2023 తీర్పు, నాయన రసీదుల నకళ్లు జతచేశాను. పంచాయతీ కార్యదర్శికి ఒకటి, గనుల శాఖ డైరెక్టరుకు ఒకటి. పోస్టాఫీసుకు పోతే రిజిస్టర్డ్ పోస్టు 2025లో స్పీడ్ పోస్టులో కలిసిపోయిందన్నారు. సరే అదే చేయండి, అందినట్టు ఎవరి సంతకం ఉందో ఆ రుజువు మాత్రం నాకు కావాలన్నాను. పొడిగింపు కోసం ఏ కాగితం కదిలినా దాని ప్రతి నాకు పంపాలని అభ్యంతరంలో చివరి లైనుగా రాశాను. ఉత్తర్వు అడుగున ప్రతులు పంపిన వాళ్ల వరసలో ఈసారి మా ఊరి పేరు ఉండాలి.